కిందూరు పాట

కోదాడలో మా బిడ్డ ఇంటికి పోయినప్పుడు నాకు పెద్దగా పని ఉండదు. కూరగాయలు తరుగుతాను, పేపరు చదువుతాను. చదువుతున్న సంగతి ఇంట్లో అందరికీ తెలియాలని కొంచెం గట్టిగానే చదువుతాను. యాభై దాటాక అక్షరాలు నేర్చుకున్నదాన్ని. నేర్చుకున్నది దాచుకోవడం మాత్రం ఇంకా రాలేదు.

మొన్న అట్లా చదువుతుంటే పక్కన మా మనవరాలు ఫోనులో ఏదో ఆట ఆడుతోంది. ఆటలో ఒక కొండ, కొండ మీద గుడిలాంటి కట్టడం, దాని ముందు తెల్లబట్టల మనుషులు వరుసగా నిలబడి పాట పాడుతున్నారు. నాకు ఒక్క ముక్క అర్థం కాలేదు. హిందీ కాదు, ఇంగ్లీషూ కాదు. ఇదేం భాష అని అడిగాను.

"ఏ భాషా కాదు అమ్మమ్మా. అసలు ఆ లోకమే లేదు, ఆట కోసం కల్పించారు. ఇది వాళ్ళ లోకంలో పవిత్రమైన పాట. ఇది పాడితేనే ఆ తలుపు తెరుచుకుంటుంది."

"గసొంటి పాట నాకొకటి వస్తది," అన్నాను.

అది ఫోనులోంచి తల ఎత్తలేదు. "నీకు వచ్చేవి భజన పాటలు కదా," అంది.

పేపరు మడిచి పక్కన పెట్టాను. కోపం రాలేదు. పోయిన ఎండాకాలం చనిపోయిన ఒక మనిషి గుర్తొచ్చింది. ఆ మనిషి అక్కడ ఉండి ఉంటే మా మనవరాలి చేతిలో ఫోను లాక్కొని, ఆ తెల్లబట్టల వాళ్ళు వరుస సరిగ్గా నిలబడలేదని వంకలు పెట్టేది.

ఆమె పేరు రాయను. మా ఊళ్ళో ఇంకా ఇద్దరికి అదే పేరు ఉంది, వాళ్ళు నా మీదికి వస్తారు. మేమంతా ఆమెను అత్తా అనేవాళ్ళం. నిజానికి మాలో ఎవరికీ అత్త కాదు. తండా నుంచి వచ్చే భూలి మాత్రం యాడీ అనేది. వాళ్ళ భాషలో అమ్మ అని అర్థం. మా ఊరు సూర్యాపేట పక్కన చివ్వెంల దిక్కు. ఊరి ఆడవాళ్ళం కొందరం, పక్క తండా ఆడవాళ్ళు కొందరు కలిసి నాట్లు వేసే గుంపుగా ఉండేవాళ్ళం. ఆ గుంపుకు ఆమె పెద్ద. పెద్దగా ఆమెను ఎవరు నిలబెట్టారో నాకు తెలియదు. నేను కొత్తకోడలుగా వచ్చేసరికే ఆమె అందరినీ తిడుతూ ఉంది, కాబట్టి పెద్దే అనుకున్నాను.

మా గుంపుకు చుట్టుపక్కల ఊళ్ళల్లో ఒక పేరుండేది. కాళ్ళు కడుక్కొని బురదలో దిగే గుంపు. లోకంలో ఎవరైనా బురదలోంచి బయటికి వచ్చాక కాళ్ళు కడుక్కుంటారు. అత్త మమ్మల్ని దిగేముందు కడిగించేది. ఊరికే నీళ్ళు చల్లుకుంటే ఒప్పుకునేది కాదు, గట్టు మీద కూర్చోబెట్టి పీచుతో రుద్దించేది. పగుళ్ళున్న వాళ్ళకు పసుపు అద్దించేది. తోవన పోయేవాళ్ళు సైకిళ్ళు ఆపి చూసి నవ్వేవాళ్ళు. పొలం ఆసామి ఒకసారి వచ్చి, మీరు నాటు వేయనీకి వచ్చిండ్రా పెండ్లికి వచ్చిండ్రా అని అడిగాడు. అత్త మడిలోకి చెయ్యి చూపించి, వాళ్ళు చూస్తున్నరు పటేలా, జర మర్యాదగా మాట్లాడు అంది. ఆయన మడిలోకి తొంగి చూశాడు. అందులో ఆయన మొహమే ఉంది. తువ్వాలతో మొహం తుడుచుకొని వెళ్ళిపోయాడు.

ఆ వాళ్ళు ఎవరంటే కిందూరు జనం.

నీళ్ళు పెట్టి చదును చేసిన మడి పొద్దున పూట అద్దంలాగా ఉంటుంది. ఒంగితే మన మొహం కనిపిస్తుంది, మొహం వెనక ఆకాశం, కొంగలు పోతుంటే కొంగలు. గదే కిందూరు అనేది అత్త. అక్కడి జనం మన పాదాలకు పాదాలు ఆనించి తలకిందులుగా నిలబడతారట. మనం పైనుంచి నారు గుచ్చితే వాళ్ళు కింది నుంచి వేరు పట్టుకుంటారట. బతకని నారంటే వాళ్ళ చేతికి అందని నారు. మన అరికాళ్ళే వాళ్ళకు చుక్కలు. పొద్దుపోయాక వాళ్ళ పిల్లలు పైకి చూసి మన అరికాళ్ళను లెక్కబెడతారట. అందుకని మేం కాళ్ళు కడుక్కొని దిగాలి.

"నీ మడిమె సూడు లచ్చమ్మా, నెర్రెలువట్టిన చెరువు లెక్కున్నది. ఆ పోరలు ఏం సుక్కనుకుంటరు దాన్ని?" అనేది.

లచ్చమ్మ మా వాడకట్టు మనిషి, నాకు వదినె వరస. గుంపులో అందరికన్నా వడిగా నాటేది, అందరికన్నా వడిగా వాదించేది. అత్త మాటల్లో తప్పులు పట్టడమే పనిగా పెట్టుకుంది. నిన్న కిందూర్ల కోళ్ళు లేవంటివి, ఇయ్యాల కోడి కూసిందంటున్నవ్ ఎట్లా అని అడిగేది. నిన్న లేవు, రాత్రి కొనుక్కొచ్చిండ్రు అనేది అత్త, నారు గుచ్చే చెయ్యి ఆగకుండానే. కిందూర్ల వాన పైకి పడుతది అని ఒక రోజు, కిందూర్ల అసలు వానే లేదు అని ఇంకో రోజు. పట్టుకుంటే దొరికేది కాదు. ఆ కబుర్లు వినుకుంటూ నాటితే మాకు మధ్యాహ్నం అయినట్టు తెలిసేది కాదు. నేను మాత్రం కబుర్లలాగా వినలేదు. నమ్మాను. అప్పటికి నాకు పెళ్ళయింది, బిడ్డ పుట్టింది, కుండలో ఉప్పు ఎంత వెయ్యాలో తెలుసు. అయినా నమ్మాను.

నమ్మడానికి ఒక కారణం ఉంది.

మా అమ్మగారి ఊరు కోదాడ అవతల, అనంతగిరి దిక్కు. నాట్ల కాలంలోనే మా అమ్మ చనిపోయింది. కబురు వచ్చేసరికి ఆలస్యమైంది, వాగు రోడ్డెక్కి బస్సులు ఆగిపోయాయి. నేను పోయేసరికి అంతా అయిపోయింది. మా అమ్మ మొహం చూడలేదు. మా నాయన నాకు ఆమె మంచం చూపించాడు, అంతే. తిరిగి వచ్చి పనిలోకి దిగాను. ఏడుపు రాలేదు. చేతులు వాటంతట అవే ఆడుతున్నాయి. కాసేపటికి లచ్చమ్మ కేక పెట్టింది. నేను నారు వేర్లు పైకి పెట్టి ఆకులు బురదలో గుచ్చుకుంటూ పోతున్నానట. ఒక పట్టె పొడుగునా వేర్లే గాలికి ఊగుతున్నాయి. అందరూ నవ్వారు, నవ్వి మళ్ళీ ఆగిపోయారు.

అత్త తిట్టలేదు. నాటు వేసేటప్పుడు మేం పక్కపక్కన ఒంగి వెనక్కి జరుగుతూ పోతాం. ఆ వరుసను మునుము అంటాం. మునుములో తన పక్కన ఉన్న మనిషిని జరిపి నన్ను అక్కడికి పిలిచింది.

"మీ అమ్మ చెవుల ఎవలు పాడిండ్రే పిల్లా?" అంది మెల్లగా.

ఏం పాట అన్నాను.

అప్పుడు చెప్పింది. కిందూరికి ఒకటే గవిని, అంటే ఊరి పెద్దవాకిలి. ఆ గవిని నడుమ ఒంగుడవ్వ ఉంటుంది. ఆ ఊరికి రాణీ ఆమే, కావలీ ఆమే. ఎన్నో ఏండ్ల నుంచి నాట్లు వేసి వేసి ఒంగిన నడుము ఒంగినట్టే ఉండిపోయింది. గవినంతా ఆమె నడుమే అడ్డం, ఎవరూ లోపలికి పోలేరు. ఒక్క పాట వింటేనే ఆమె నడుము లేస్తుంది. నిటారుగా నిలబడ్డ ఆ కాస్త సేపట్లో పోయినవాళ్ళు సందులోంచి లోపలికి దూరాలి. లోపలికి పోయినాక ఇంక ఒంగే పని లేదు. ఆ పాట పోయినవాళ్ళ చెవిలో దింపుడు కళ్ళం దగ్గర పాడాలి. పాడె మోసేవాళ్ళు నడిమి తోవలో కిందికి దింపి, అయినవాళ్ళు చెవిలో పేరు పెట్టి పిలుస్తారే, అక్కడ. పిలిస్తే లేస్తారేమోనని అందరూ పిలుస్తారు. లేవరు. లేవనప్పుడు పాడాల్సిన పాట అది.

నేను చెవే చూడలేదత్తా అన్నాను.

"చెవి దొరకకుంటే అరికాళ్ళకెళ్ళి పోతది. నీ కాళ్ళు నీళ్ళల్లనే ఉన్నయి కద. నాతోని పాడు."

ఒంగి నారు గుచ్చుకుంటూనే, ఇద్దరికి మాత్రమే వినిపించేటట్టు పాడింది. నేను వెంట పాడాను.

సారిలో సారిలో నీమెర కేరో
కూడెలా తామెలా నీమెర కేరో

ఇట్లా చాలాసేపు పోయి, చివర్లో ఒంగుడవ్వను లేవమని బతిమాలుతుంది. ఆ రోజు పొద్దు వాలేవరకు పాడాం. నడుమ ఎక్కడో నాకు ఏడుపు వచ్చింది, మా అమ్మ లోపలికి పోయింది. అట్లాగే అనుకున్నాను, ఇప్పటికీ అట్లాగే అనుకుంటున్నాను. నవ్వేవాళ్ళు నవ్వవచ్చు.

గట్టెక్కినాక అత్త నా చెయ్యి పట్టుకుంది. "నీకొక్కదానికే చెప్పిన. ఇంకెవ్వలకు తెల్వది. నేను పోయిన్నాడు నువ్వే పాడాలె. పాడకపోతే నేను గవిని బయట నిలబడుత, ఆ ముసల్ది నేను మొకమొకాలు చూసుకుంట ఉంటం. ఎవ్వలకు చెప్పకు, చెప్తే నోట్లకెళ్ళి జారిపోతది."

ఆ రోజు నుంచి నా నడకే మారిపోయింది. లచ్చమ్మ నాకన్నా వడిగా నాటితే నాటనీ, ఆమెకు పాట రాదు కదా అనుకునేదాన్ని. భూలి గొంతు నాకన్నా బాగుంటే ఉండనీ, అత్త ఆమెకు చెప్పలేదు కదా అనుకునేదాన్ని. ఆ మాటలు ఏ భాషవో అని ఎప్పుడూ ఆలోచించలేదు. అత్త తండా వాళ్ళతో కలిసి కూర్చొని తినేది, కాబట్టి తండా భాష అయి ఉంటుందనుకున్నాను. భూలిని అడిగితే తేలిపోయేది. కానీ రహస్యం కదా. ఇన్నేళ్ళూ దాన్ని కడుపులో పెట్టుకొని తిరిగాను. పెట్టెలో పెట్టిన పట్టుచీర లాగా ఎవరికీ చూపించలేదు, నేనూ కట్టుకోలేదు.

కాలం మారింది. మా దిక్కు నాట్లకు ఇప్పుడు ఎక్కడెక్కడి నుంచో కూలీలు వస్తున్నారు, మిషన్లు వస్తున్నాయి. మా గుంపు చెదిరిపోయింది. అత్త కొడుకు మిర్యాలగూడలో రైసుమిల్లులో హమాలీ పనికి కుదిరి తల్లిని కూడా తీసుకుపోయాడు. మా ఊరి బడిలో సాయంత్రం పూట ఒక టీచరమ్మ పెద్దవాళ్ళకు అక్షరాలు చెప్పడం మొదలుపెట్టింది. నేనూ పోయాను. ఎందుకు నేర్చుకుంటున్నారమ్మా అని ఆమె అందరినీ అడిగింది. ఒకామె సంతకం కోసమంది, ఒకామె మందుల చీటీ కోసమంది. నేను మాత్రం, ఊరికేనమ్మా అని చెప్పాను.

అబద్ధం. నాకు సూర్యాపేట బస్టాండులో బోర్డులు చదవాలని ఉండేది. చదువు రాని మనిషికి బోర్డు మీద ఏమైనా రాసి ఉండవచ్చు. ఇన్నేళ్ళూ నేను కండక్టర్లను అడిగి బస్సులెక్కాను కాబట్టి నేను అడగని ఊళ్ళు ఎన్నో ఉండి ఉంటాయి, వాటిలో కిందూరు కూడా ఉంటుందేమోనని లోపల చిన్న అనుమానం. చదవడం వచ్చాక ఒక రోజు పనిగట్టుకొని పోయి బస్టాండులో ఈ చివర నుంచి ఆ చివరకు ప్రతి బస్సు నుదురు కూడబలుక్కొని చదివాను. కోదాడ ఉంది, మిర్యాలగూడ ఉంది, నేను పేరు కూడా వినని ఊళ్ళున్నాయి. కిందూరు లేదు. ఒక కండక్టరు జాలిపడి, ఏ ఊరికి పోవాలమ్మా అన్నాడు. నా నోట్లోంచి దాదాపు వచ్చేసింది. మింగి, మిర్యాలగూడ అన్నాను. ఎక్కించాడు. అట్లా ఆ రోజు అనుకోకుండా అత్త దగ్గరికి పోయాను.

అత్త మిల్లు వెనక కళ్ళంలో ఆరబోసిన వడ్ల మీద కూర్చొని పిట్టల్ని కొడుతోంది. మనిషి సగానికి ఒంగిపోయింది. నడుస్తుంటే కిందికే చూస్తుంది, పైకి చూడాలంటే మెడ పక్కకు తిప్పి కోడిలాగా చూస్తుంది. చెవులు కూడా సరిగ్గా వినబడటం లేదు. నన్ను చూసి, వచ్చినవా పిల్లా అంది. నాకు అప్పటికి మనవరాలు పుట్టింది.

బస్సులన్నీ చదివిన, నీ ఊరు ఏ బోర్డు మీదా లేదు అని నిష్ఠూరంగా చెప్పాను.

"ఎర్రబస్సు పోయే ఊరయితే నేను ఎప్పుడో పోయి కూసుందును కదనే. ఈడ పిట్టలు కొట్టే గతేంది నాకు?" అంది.

తర్వాత నేను సంచిలోంచి ఒక కాయితం తీశాను. అందులో పాట మొత్తం నా చేతిరాతతో రాసి ఉంది. చదివి వినిపించాలని నా ఆరాటం. ముందు నువ్వు పాడత్తా, సరి చూసుకుంటాను అన్నాను. ఆమె పాడింది. రెండో వరుసలో తామెలా కూడెలా అంది. నేను ఆపాను. కూడెలా తామెలా అత్తా, నువ్వు తప్పు పాడుతున్నవ్ అని కాయితం మీద వేలు పెట్టి చూపించాను. చదువు రాని ముసలామెకు కాయితం చూపించాను. ఆ పాట ఆమెది. కల్పించిందో, ఎక్కడి నుంచి తెచ్చుకుందో, ఆమె నోట్లోంచే నాకు వచ్చింది. అయినా రాసినదాన్ని నేను కాబట్టి నేను చెప్పిందే ఒప్పు.

అత్త నావైపు మెడ తిప్పి చూసింది. "గట్లనా? సదువుకున్నదానివి, నువ్వు చెప్తే కరెక్టే ఉంటది. నాకు మర్పొచ్చింది. చెవి దగ్గర నోరు వెట్టి చెప్పు," అంది.

చెప్పాను. మళ్ళీ అంది. మళ్ళీ చెప్పాను. కూడెలా దగ్గరికి రాగానే మరిచిపోయేది, మొదటి నుంచి అందుకోమనేది. నేను పంతులమ్మలాగా ఓపికగా ఆమె చెవిలో పాడుతూనే ఉన్నాను. మధ్యలో పిట్టలు వచ్చి వడ్లు తింటున్నాయి, ఆమె కర్ర ఎత్తలేదు. కళ్ళు మూసుకొని వింటోంది. చివరికి బాగా వచ్చింది, ఇగ పో, బస్సు పోతది అని పంపించింది. ఆమెకు పాట నేర్పి వచ్చానని గర్వంగా బస్సెక్కాను. బస్సు సగం తోవకు వచ్చాక నాకు అనుమానం మొదలైంది. ఆ మధ్యాహ్నమంతా ఎవరు ఎవరికి నేర్పినట్టు? చనిపోయాక వినాల్సిన పాటను ఆ మనిషి ముందే, హాయిగా కూర్చొని, నా చేత ఎన్నిసార్లు పాడించుకుంది? మొహం కొంగుతో కప్పుకున్నాను. పక్క సీటామె కక్కొస్తుందా అని కిటికీ తీసింది.

పోయిన ఎండాకాలం కబురు వచ్చింది. అత్తను మా ఊరికే తీసుకొస్తున్నారు. నేను మొదట చేసిన పని కాయితం వెతుక్కోవడం. అక్షరాలు నేర్చుకున్నాక నాకు ఒక జబ్బు పట్టింది. రాసిపెట్టింది మనసులో నిలవదు. కాయితంలో ఉందిలే అని తల దాన్ని వదిలేస్తుంది. కాయితం దొరికింది. రవికెలో పెట్టుకొని పోయాను.

భూలి నాకన్నా ముందే తండా నుంచి వచ్చి ఉంది. స్నానం చేయించేటప్పుడు అత్త కాళ్ళ దగ్గర కూర్చొని పీచుతో అరికాళ్ళు రుద్దుతోంది. పగుళ్ళలో వేలితో పసుపు నింపుతోంది. ఎంత ప్రేమో పాపం అనుకున్నాను. పాడె మీద పడుకోబెట్టినా అత్త నడుము పూర్తిగా చాపుకోలేదు. తల కింద చీర మడిచి పెట్టాల్సి వచ్చింది. మడిలోకి చూస్తున్నట్టే తల కొంచెం లేచి ఉంది.

డప్పులతో బయలుదేరాం. మా దిక్కు ఆడవాళ్ళం కూడా దింపుడు కళ్ళం దాకా పోతాం. రవికెలో కాయితం ఉందో లేదో తడుముకుంటూ నడిచాను. ఏడుపు తర్వాత వచ్చింది, ముందు వచ్చింది సిగ్గు. అంతమంది ముందు లేని ఊరి పాట పాడాలంటే ఎట్లా? కొడుకు ఏమంటాడు? ముసలోళ్ళు ఏమంటారు? చదువుకొని మతి పోయిందంటారు. అయితే పాడకపోతే అత్త బయటే నిలబడుతుంది. ఒంగుడవ్వ మొహం చూసుకుంటూ నిలబడటం ఆమెకు అసలు ఇష్టం ఉండదు.

పాడె దింపారు. కొడుకు ఒంగి చెవిలో అమ్మా అని పిలిచాడు. పిలవాల్సినన్ని సార్లు పిలిచాడు. డప్పులు ఆగాయి. నేను ముందుకు జరిగి కాయితం తీశాను. కాయితం మీద నల్లటి చీమలు పాకుతున్నట్టుంది. కళ్ళద్దాలు ఇంట్లో గూట్లో ఉన్నాయి. నిలబడి గుర్తు తెచ్చుకోబోయాను. సారిలో సారిలో. తర్వాత ఏమీ లేదు. చదువు లేనప్పుడు ఏళ్ళ తరబడి ఉన్న పాట, చదువొచ్చాక నా చేతిలోనే ఉండి నాకు అందడం లేదు.

అంతలో భూలి నన్ను భుజంతో తోసింది. "జరుగక్కా. నేను పాడేదుంది," అంది.

"ఏం పాడుతవ్ నువ్వు?"

"అది నీకు తెల్వది. యాడి నాకొక్కదానికే చెప్పింది."

వెనక నుంచి లచ్చమ్మ గొంతు వినిపించింది. "మీ ఇద్దరి మొకాలకు చెప్పిందా? జరుగుండ్రి. చెప్పింది నాకు."

అక్కడ, పాడె పక్కన, అత్త తలాపున మా ముగ్గురికీ పంచాయితీ మొదలైంది. నాకంటే నాకని. డప్పులవాళ్ళు కర్రలు చంకలో పెట్టుకొని చూస్తున్నారు. ఒక ముసలాయన, ఏదో ఒకటి జల్ది కానియ్యుండ్రమ్మా, ఎండెక్కుతున్నది అన్నాడు. కొడుకు ఏడుపు మరిచిపోయి మమ్మల్ని చూస్తున్నాడు. మనిషికి చెవులు రెండే. పాడేవాళ్ళం ముగ్గురం. లచ్చమ్మ ఎప్పటిలాగే వడిగా కుడిచెవి పట్టేసింది, భూలి ఎడమచెవి దగ్గర కూర్చుంది. కాయితం తెచ్చుకున్నదాన్ని, సరి చూసినదాన్ని, తప్పు దిద్దినదాన్ని నేను మిగిలిపోయాను.

మిగిలింది కాళ్ళ దిక్కే. పోయాను. పసుపు నిండిన ఆ అరికాళ్ళ దగ్గర ఒంగాను. ఒంగగానే, ఎవరో వెనక నుంచి అందించినట్టు, కూడెలా తామెలా నోట్లోకి వచ్చింది. దాని వెనక ఇంకొకటి, దాని వెనక ఇంకొకటి. అప్పుడు తెలిసింది నాకు. ఆ పాట నేను ఎన్నడూ నిలబడి పాడలేదు.

ముగ్గురం పాడాం. నడుమ ముగ్గురివీ మూడు దారులు పోయాయి. లచ్చమ్మ తామెలా ముందు పెట్టింది, భూలి పాటలో నేను ఎప్పుడూ వినని వరుస ఒకటి ఉంది. నీమెర కేరో దగ్గర మాత్రం అందరం మళ్ళీ కలిసేవాళ్ళం. చివర ఒంగుడవ్వను లేవమని బతిమాలే చోటికి వచ్చేసరికి ఏడుపు వచ్చి నేను ఆగిపోయాను. మిగతా ఇద్దరూ దాటించారు. పాడె లేచింది. మోసేవాళ్ళతో పాటు అత్త కూడా ఒక్కసారి లేచినట్టయింది.

తిరిగి వచ్చేటప్పుడు బోరు దగ్గర కాళ్ళు కడుక్కున్నాం. లచ్చమ్మే ముందు అడిగింది, నీకెప్పుడు చెప్పిందని. మా అమ్మ పోయినప్పుడు అన్నాను. లచ్చమ్మ తల ఊపింది. ఆమె భర్త లారీ కింద పడి పోయిన ఏడు నాకు గుర్తుంది, నాట్ల కాలమే. ఆ ఏడు ఆమె మునుములో అత్త పక్కన ఉండేది. భూలి నీళ్ళు మొహం మీద చల్లుకొని, నా పెద్ద పోరడు జరమొచ్చి పోలేదా, అప్పుడే చెప్పింది నాకు అంది.

కాసేపటికి భూలి అంది. "ఏమైనా మీ పాత తెలుగు మంచిగుంటదక్కా. ఒక్క మాట సమజ్ కాకున్నా ఏడుపొస్తది."

లచ్చమ్మ, నేను మొహాలు చూసుకున్నాం.

"తెలుగెక్కడిదే? అది మీ తండా భాష కాదా?" అంది లచ్చమ్మ.

"మా భాషనా? మా భాషల గిట్లాంటి మాటే లేదు."

బోరు నీళ్ళు పోతూనే ఉన్నాయి. ఒకే గట్టు మీద కూర్చొని సద్దులు తిన్నాం, ఒకరి పిల్లల్ని ఒకరం ఎత్తుకున్నాం, ఆ పాట అవతలి వాళ్ళదని ఇన్నేళ్ళూ ఎవరికి వాళ్ళం మర్యాదగా నోరు మూసుకున్నాం. మొదట భూలికి నవ్వొచ్చింది. చావు ఇంటి నుంచి వస్తూ ముగ్గురు ముసలివాళ్ళం కొంగులు నోట్లో కుక్కుకొని బోరు గద్దె మీద కూలబడ్డాం. ముందు పోయినదానికి మిగిలినవాళ్ళం పాడాలని అక్కడే ఒప్పందం చేసుకున్నాం. చివర మిగిలినదానికి ఎవరు పాడతారని లచ్చమ్మ అడిగింది. ఆమె ఎప్పుడూ తప్పులే పడుతుంది.

కోదాడలో మా మనవరాలి పక్కన కూర్చుంటే లచ్చమ్మ అడిగిన ఆ మాటే గుర్తొచ్చింది. ఫోను పక్కన పెట్టు, పాట నేర్పుతాను అన్నాను. అది ఫోను ఇటు తిప్పి, పాడు అమ్మమ్మా, రికార్డు చేస్తాను అంది. నిలబడి ఫోనుకు చెప్తే రాదే, ఒంగాలి అన్నాను. ఇల్లు తుడిచి అప్పుడే పోయింది పనమ్మాయి. బండలు ఇంకా తడిగా ఉన్నాయి. అందులో ట్యూబులైటు, ఫ్యాను తలకిందులుగా కనిపిస్తున్నాయి. ఇద్దరం కొంగు, చున్నీ నడుముకు దోపుకొని పక్కపక్కన ఒంగాం. వరుసగా చెప్పాను. ఒంగుడవ్వ గురించి చెప్పాను, గవిని గురించి చెప్పాను, అరికాళ్ళు చుక్కలని చెప్పాను. అది వెంటనే తన కాలు ఎత్తి చూసుకుంది. చదువుకునే పిల్ల కదా, నాకన్నా వడిగా పట్టుకుంది. నాకొక్కదానికే చెప్తున్నావా అని అడిగింది. అవును, నీకొక్కదానికే అన్నాను.

పాట అయిపోయింది, అది లేచి నిలబడింది. నేను లేవబోయాను. నడుము పట్టేసింది. ఎంత ప్రయత్నించినా పైకి రావడం లేదు. తడి బండ మీద నా మొహమే నన్ను చూస్తోంది. అమ్మను పిలవనా అంది మనవరాలు. వద్దు, కాసేపుంటే అదే వస్తది అన్నాను.

అది నా చుట్టూ తిరిగి ముందుకొచ్చి, మోకాళ్ళ మీద చేతులు పెట్టుకొని, నా చెవి దగ్గర నోరు పెట్టింది. నవ్వు ఆపుకుంటూనే, ఒక్క మాట కూడా తప్పు పోకుండా, మొదటి నుంచి పాడటం మొదలుపెట్టింది. లేవమని బతిమాలే చోటికి వచ్చేదాకా నేను కదలకుండా విన్నాను. అప్పుడు గోడ పట్టుకొని మెల్లగా లేచాను.